హెన్రీ కావెండిష్

పిలిచిన పలుకని బాలుని మనము గర్వి యందుము. కన్నులెత్తి చూడనివానిని మందమతి యందుము. ఒకే పనిలో మునిగియుండువానిని పిచ్చివాడందుము. ఉపాధ్యాయులమగు మేమును ఈ తప్పు చేసినవారమే. ఇట్టి తీర్పులు ఎంత పొరపాటో తెలుపుటకై, భూమిని తూచిన హెన్రీ కావెండిష్ చరిత్రమును మా విద్యార్థులకును వారి తలిదండ్రులకును విన్నవించుచున్నాము.

ఈయన 1731 వ సంవత్సరము అక్టోబరు 10 వ తేదీన నీస్ పట్టణమున ఆంగ్లేయ ప్రభువంశమునందు జన్మించెను. రెండేండ్ల ప్రాయముననే తల్లిని గోల్పోయెను. 1749 మొదలు 1753 వరకు కేంబ్రిడ్జిలో చదివి, పట్టము పొందకయే వెడలివచ్చెను. 1760లో రాయల్ సొసైటీ సభ్యుడయ్యెను. నేడు హైడ్రొజన్ అనబడు వాయువు గుణములను 1766లో ప్రకటించెను. అది మండినప్పుడు నీరేర్పడునని 1784లో తెలియజేసెను. 1785లో గాలిని పరీక్షించుచు, ఎంత యత్నించినను మిగిలిపోవు చిన్న బుడగ నొకదానిని గమనించి, ఉపేక్షింపక వ్రాసియుంచెను. దానియందలి ఆర్గాన్ వాయువును 1894లో రేలీ, రామ్సే అను పండితులు కనుగొనిరి.

1798లో ప్రకటించిన పరీక్ష జగత్ప్రసిద్ధము. ఆరడుగుల కొయ్యబద్దను సన్నని తీగతో వ్రేలాడదీసి, దాని కొనలయందు రెండు చిన్న సీసపుగుండ్లను గట్టి, వాని చెంతకు రెండు గొప్ప సీసపుగుండ్లను దెచ్చెను. ఆకర్షణచే బద్ద రవంత కదలెను. గదిలో వేడిమి మారిన గాలి చలించునని యెంచి, వెలుపలనుండియే దూరదర్శినితో ఆ కదలికను కొలిచి, భూమి సాంద్రత నీటికంటె 5.48 రెట్లని తేల్చెను. నేటి లెక్క సుమారు 5.51. మన నల్లగొండ, మహబూబునగరముల కొండరాయి నీటికంటె సుమారు 2.7 రెట్లే బరువు. కావున భూమి లోపల మనకు గానరాని బరువైన పదార్థము కలదని తెలియుచున్నది. మనుష్యుని విషయమునను పైచూపు చాలదు.

కావెండిష్ మహాధనికుడయ్యును పాతకాలపు దుస్తులనే ధరించెడివాడు. క్రొత్తవారిని జూచిన తొలగిపోయెడివాడు. పనికత్తెలకు తన యవసరములను చీటీలపై వ్రాసి తెలిపెడివాడు. ఆయన గతించిన 41 ఏండ్లకు, 1851లో, జీవితచరిత్రము వ్రాసిన జార్జి విల్సన్ ఆయనను ప్రేమాది భావములు లేనివానిగా వర్ణించెను. అయినను ఆయన రాయల్ సొసైటీ క్లబ్బు విందులకు తప్పక పోయెడివాడు. తన గ్రంథాలయమును ఇతర పండితులకు తెరచియుంచెను. ఆయనను ఎరిగిన మిత్రులు ఎదురుగ నిలిచి ప్రశ్నింపక, ప్రక్కకు జూచుచు తమలో తాము అనుకొనునట్లు మాటలాడెడివారు. అప్పుడాయన మెల్లగ బదులు చెప్పెడివాడు. మార్చుకొనవలసినది తమ పద్ధతియని వారు గ్రహించిరి.

1810 ఫిబ్రవరి 24 వ తేదీన ఆయన పరమపదించెను. ఆటిజమ్ అను మాటతో బాలుర స్థితిని కానర్ 1943లోను, ఆస్పెర్గర్ 1944లోను వర్ణించిరి. కావెండిష్ అట్టివాడై యుండవచ్చునని వైద్యుడగు ఆలివర్ సాక్స్ 2001లో వ్రాసెను. గతించినవారి విషయమున ఇది యూహయే గాని నిశ్చయము కాదు.

నిశ్చయమైనది వేరొకటి కలదు. ఆటిజమ్ శాపము కాదు. తల్లి పెంపకపు లోపము కాదు. హృదయము లేకుండుట కాదు. అది మెదడు పెరుగుదలలోని భేదము. అట్టివారందరును శాస్త్రజ్ఞులు కారు. కొందరికి మాటయే రాదు. కొందరికి జీవితాంతము సహాయము కావలెను. వారి విలువ వారి ప్రజ్ఞపై ఆధారపడి యుండలేదు. వారును దేవుని స్వరూపమందు సృజింపబడినవారే. మన దేశపు 2016 నాటి చట్టము వారికి విద్యాహక్కును స్పష్టముగ నొసగినది.

విద్యార్థులారా! మీ తరగతిలో మౌనముగ నుండు సహపాఠిని గేలి చేయకుడు. అతని చెంత నెమ్మదిగ గూర్చుండి, బదులు వచ్చువరకు ఓపిక పట్టుడు.