గులాం యజ్దానీ – తెలంగాణపు రాక్షసగుళ్లు

గులాం యజ్దానీగారు 1885వ సంవత్సరమున ఢిల్లీ నగరమున జన్మించిరి. అరబ్బీ, పారసీక భాషలలో గట్టి పాండిత్యము సంపాదించి, కొంతకాలము అరబ్బీ అధ్యాపకత్వము నెరపి, 1914లో నిజాము ప్రభుత్వము నూతనముగా నెలకొల్పిన పురావస్తుశాఖకు ప్రథమాధ్యక్షులైరి. 1943 వరకు ఆ పదవిలోనే యుండిరి. అజంతా చిత్రములను 1930–1955 నడుమ నాలుగు భాగములుగా ప్రకటించి లోకఖ్యాతి గాంచిరి. ఆ ఖ్యాతిచాటున మరుగుపడిన కృషి యొకటి కలదు. అది రాక్షసగుళ్ల పరిశీలనము.

రాక్షసగుళ్లు అనునది జనుల వాడుక. నిజమునకు అవి గుళ్లును గావు, రాక్షసులు కట్టినవియును గావు. ఇనుపయుగపు మానవుల సమాధులు. పెద్ద గుండ్లను వలయముగా పేర్చి, నడుమ గోతిలో రాతిపలకలను పెట్టెవలె అమర్చి, అందు అస్థికలను, కుండలను, ఇనుప పనిముట్లను ఉంచి, పైన బండ కప్పెడివారు. ఆ కుండలు లోపల నలుపు, వెలుపల ఎరుపు. కుండను బోర్లించి కాల్చుటచే గాలి సోకని లోభాగమును మూతియు నల్లబడెనని పండితుల నిర్ణయము.

హైదరాబాదునకు తూర్పున మౌలాలీయందును, భువనగిరి చేరువ రాయగిరియందును ఇట్టి సమాధులు కలవు. 1916లో ఏర్పడిన హైదరాబాదు పురావస్తు సంఘపు పత్రికలో మరుసటి సంవత్సరమే యజ్దానీగారు ఈ విషయమై విపులమైన వ్యాసము ప్రకటించిరి. ఆయన దృష్టి ప్రధానముగా కుండలపై గీసిన గుర్తులమీద నిలిచినది. వానిని పట్టికగా కూర్చి, కొన్నింటికి బ్రాహ్మీ అక్షరములతో పోలిక కలదని చూపిరి. శాసనలిపులకు అలవడిన కన్నులకు అట్టి పోలిక తోచుట సహజమే. కాని ఆకారసామ్యము వేఱు, వర్ణత్వము వేఱు. కూడిక గుర్తువంటి రెండు గీతలు అశోకుని లిపిలో కకారము. ఆ రెండు గీతలనే అక్షరమెరుగని కుమ్మరియు తన కుండకు ఆనవాలుగా గీయవచ్చును. ధ్వనితో సంబంధము నిరూపింపనిదే గీతను అక్షరమనుట యుక్తముగాదు. 1960లో బి.బి. లాల్‌గారు ఇట్టి గుర్తులనే హరప్పా గుర్తులతో పోల్చిరి. ప్రశ్న మరింత వెనుకకు జరిగినదే కాని తీరలేదు. అయినను పట్టిక మిగిలినది. ఊహ నిలువకున్నను సామగ్రి నిలుచునట్లు వ్రాయుట యజ్దానీగారి పద్ధతి.

1940–41లో ఆయన నేటి సంగారెడ్డి జిల్లాలోని కొండాపురమున త్రవ్వకములు జరిపించి, శాతవాహనుల నాణెములను, మట్టిబొమ్మలను వెలికిదీయించిరి. హైటెక్ సిటీని ఆనుకొనియున్న కొండాపూరు వేఱు. నామసామ్యముచే రెంటిని ఒకటిగా భ్రమింపరాదు. అయినను ఈ రెండవ కొండాపూరు పరిసరములును ఆయన పరిశోధన విషయమునకు దూరమైనవి గావు. సమీపమున గచ్చిబౌలిలోని హైదరాబాదు విశ్వవిద్యాలయ ప్రాంగణమున నిలువురాయి యొకటి కలదు. అచటి త్రవ్వకములలో రాతిసమాధులును, ఇనుప వస్తువులును బయల్పడినవి. 1998లో సైబర్ టవర్స్ ప్రారంభమైన పిదప చుట్టుప్రక్కల గుట్టలనేకము భవనములకై పగులగొట్టబడినవి. ప్రాకారములోని రాళ్లు దక్కినవి. వెలుపల, నమోదు కాకమున్నే చెదరిన వలయములున్నచో, వాని కుండలపై గీతలు ఏ పట్టికకును ఎక్కవు.

యజ్దానీగారికి 1959లో పద్మభూషణ బిరుదము లభించినది. మరుసటి యేట వారి సంపాదకత్వమున దక్కను ప్రాచీన చరిత్ర వెలువడినది. 1962లో హైదరాబాదుననే కన్నుమూసిరి.