మూకీ తెర మీద మన కరీంనగర్ మొనగాడు

సెప్టెంబర్ 28 పైడి జైరాజ్ జయంతి. 1909లో పుట్టిన కరీంనగర్ బిడ్డ, మూకీల నాటి కథానాయకుడు, దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం అందుకున్న తొలి తెలంగాణ నటుడు. సుల్తానాబాద్‌లో బస్సెక్కితే గంటలోపు చేరే ఊరి పేరు హిందీ సినిమా చరిత్రకెక్కిందంటే అది ఆయన చలవే. ఆ మహానటుడికి మా ఊరి జేజేలు!

నిజాం కాలేజీలో చదివే రోజుల్లోనే ఆయనకు నాటకాల పిచ్చి పట్టింది. సినిమావాళ్లంటే పెద్దింటివాళ్లు మొహం చిట్లించే కాలమది. అయినా 1929లో బొంబాయి బండెక్కారు. ‘జగ్‌మగాతీ జవానీ’తో తెరకెక్కారు.

అప్పటి బొమ్మకు నోరు లేదు. తెర దగ్గర హార్మోనియం, తబలా మోగుతుండేవి. చదువురాని జనం కోసం టైటిల్ కార్డులను ఎవరో ఒకరు గొంతెత్తి చదివేవారు. వలపైనా పంతమైనా నటుడు చూపుతో, ఒడ్డూపొడుగుతో, కత్తి తిప్పే చేత్తో చెప్పాల్సిందే. అతనిది ఏ ఊరు, ఏ యాస అని అడిగేవారే లేరు.

1931లో ‘ఆలం ఆరా’తో బొమ్మకు మాటొచ్చింది. హిందుస్తానీ పలకలేని తారలు కొందరు వెనకబడిపోయారు. జైరాజ్ మాత్రం 1932లో ‘షికారీ’తో టాకీల్లోనూ నిలదొక్కుకున్నారు. హైదరాబాద్ గాలిలోనే ఉన్న ఉర్దూ ఆయనకు అక్కరకొచ్చింది. రూపం అవకాశం ఇప్పిస్తే, ఇక్కడి చదువు దాన్ని నిలబెట్టింది. మనం మెచ్చుకోవాల్సింది ఆ తయారీనే.

ప్రేమ్‌చంద్ రాసిన ‘మజ్దూర్’ (1934)లో ఆయనే నాయకుడు. మిల్లు కూలీల గోడు చెప్పిందని బొంబాయిలో ఆ సినిమాను నిషేధించారు. దేవికారాణి చివరి చిత్రం ‘హమారీ బాత్’ (1943)లో ఆమె సరసన నటించారు. దిలీప్ కుమార్‌తో ‘ప్రతిమ’ (1945)కు దర్శకత్వం వహించారు. ‘హాతిమ్‌తాయ్’, ‘పృథ్వీరాజ్ చౌహాన్’, ‘టిప్పు సుల్తాన్’ వంటి చిత్రాల్లో వీరుల వేషాలకు పెట్టింది పేరయ్యారు. 1980 ఫాల్కే పురస్కారం ఆయన్నే వరించింది. 2000 ఆగస్టు 11న కన్నుమూశారు.

హైదరాబాద్ రవీంద్రభారతిలోని ప్రివ్యూ థియేటర్‌కు ఆయన పేరే పెట్టారు. సిరిసిల్ల బిడ్డ వేణు ‘బలగం’ తీసి మెప్పించాక, మన పల్లెల్లో ఫోన్‌తో షార్ట్ ఫిల్ములు తీసే పోరగాళ్లకు ధైర్యం పెరిగింది. తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, జైరాజ్ జయంతి మీకూ పండుగే. నేర్చినదేదీ వృథా పోదని ఆయన బతుకే చెబుతోంది. కెమెరాతో పాటు పుస్తకమూ పట్టండి. మీ పేరూ ఓ థియేటర్ గోడకెక్కాలి!