మైకు గెలిచినవాడు.. మైకు ఇచ్చినవాడు

‘8 మైల్’ సినిమా చూసినవాళ్లకు మొదటి పోటీ గుర్తుండే ఉంటుంది. డెట్రాయిట్‌లో ఒక క్లబ్బు. లోపల జనం కిక్కిరిసి ఉంటారు. లిల్ టిక్ అనే ర్యాపర్ తన వంతులో హీరోని మాటలతో ఉతికి ఆరేస్తాడు. తర్వాత హీరో వంతు. చేతిలో మైకు ఉంది, బీట్ మోగుతోంది, కానీ నోట మాట రాదు. జనం గోల చేస్తారు. హీరో తల దించుకుని స్టేజీ దిగిపోతాడు.

ఆ హీరో ఎమినెమ్. లిల్ టిక్‌గా కనిపించిన మనిషి పేరు ప్రూఫ్. తమాషా ఏంటంటే, నిజ జీవితంలో వీళ్లిద్దరూ టీనేజీ నుంచి ప్రాణస్నేహితులు. అదే సినిమాలో పోటీలు నడిపిస్తూ, బెదిరిపోతున్న హీరోని మళ్లీ మళ్లీ స్టేజీ మీదకు తోసే ఫ్యూచర్ అనే స్నేహితుడు ఉంటాడు కదా! ఆ పాత్రకు మూలం కూడా ప్రూఫే. అంటే ఒకే మనిషి ఆ సినిమాలో రెండు చోట్ల ఉన్నాడు. ఒకచోట ఓడించేవాడు, ఇంకోచోట నిలబెట్టేవాడు. ప్రూఫ్ 32 ఏళ్ల జీవితం ఈ రెండు పనుల చుట్టూనే తిరిగింది.

ఖాళీ అవుతున్న ఊరు

ప్రూఫ్ అసలు పేరు డిషాన్ హోల్టన్. 1973 అక్టోబరు 2న డెట్రాయిట్‌లో పుట్టాడు. తండ్రి మెకిన్లీ జాక్సన్ సంగీత కళాకారుడు, నిర్మాత. అలా సంగీతం ఆ కుర్రాడికి రక్తంలోనే ఉంది. అవకాశాలు మాత్రం ఊళ్లో లేవు.

డెట్రాయిట్ అంటే ఒకప్పుడు కార్ల రాజధాని. 1950లో ఆ నగర జనాభా 18 లక్షలు దాటింది. కార్ల పరిశ్రమ బలహీనపడటం, శ్వేతజాతీయులు శివార్లకు తరలిపోవడంతో 1990 నాటికి అది సుమారు 10 లక్షలకు పడిపోయింది. మోటౌన్ అనే ప్రపంచ ప్రసిద్ధ మ్యూజిక్ కంపెనీ పుట్టింది ఇక్కడే. అది కూడా 1972లో లాస్ ఏంజెలిస్ వెళ్లిపోయింది. ర్యాప్ వ్యాపారమంతా ఒకవైపు న్యూయార్క్‌లో, మరోవైపు లాస్ ఏంజెలిస్‌లో. మధ్యలో ఉన్న డెట్రాయిట్ కుర్రాళ్ల వైపు చూసే కంపెనీ లేదు. క్యాంపస్ ప్లేస్‌మెంట్లకు ఏ కంపెనీ రాని కాలేజీలో చదివినవాళ్లకు ఈ పరిస్థితి వేరే చెప్పక్కర్లేదు.

నగరానికి ఉత్తరపు సరిహద్దు 8 మైల్ రోడ్డు. దానికి ఇటువైపు ఎక్కువగా నల్లజాతి వాళ్లు, అటువైపు శివార్లలో ఎక్కువగా తెల్లవాళ్లు. ప్రూఫ్ ఇటు, ఎమినెమ్ అటు. ఎమినెమ్ తొమ్మిదో గ్రేడ్ దాటలేక చదువు మానేసిన కుర్రాడు. పైగా తెల్లవాడు. నల్లజాతి యువకుల కళగా పేరుపడ్డ ర్యాప్‌లో అతడిని సీరియస్‌గా తీసుకునేవాళ్లు తక్కువ. ప్రూఫ్ ఆ రంగు చూడలేదు, పదం చూశాడు. తన ఆస్బోర్న్ హైస్కూల్ క్యాంటీన్‌కు అతడిని తీసుకెళ్లి అక్కడి కుర్రాళ్లతో పోటీకి దింపేవాడు.

శనివారం.. బట్టల షాపు

బ్యాటిల్ ర్యాప్ అంటే తెలియనివాళ్ల కోసం రెండు ముక్కలు. ఇద్దరు ఎదురెదురుగా నిలబడతారు. డీజే బీట్ వేస్తాడు. ఒక్కొక్కరికీ ఇంత సమయం అని ఉంటుంది. అందులో ఎదుటివాడిని ప్రాస తప్పకుండా, తాళం తప్పకుండా, అప్పటికప్పుడు ఆశువుగా చిత్తు చేయాలి. అతడి బట్టలు, నడక, ఇందాక అతడే అన్న మాట.. ఏదైనా సరుకే. గెలుపు ఎవరిదో జనం కేకలే తేలుస్తాయి. నియమం ఒక్కటే, చెయ్యి తగలకూడదు.

బయటి నుంచి చూస్తే ఇది పుట్టుకతో వచ్చిన విద్యలా కనిపిస్తుంది. లోపల పద్ధతి ఉంటుంది. దెబ్బ కొట్టే చివరి పదాన్ని ముందు మనసులో పెట్టుకుంటారు. నోరు మొదటి పాదం చెబుతుంటే, బుర్ర ఆ చివరి పదానికి దారి వేస్తుంటుంది. వేల ప్రాసలు ముందే నాలుక మీద ఉండాలి. ఎదుటివాడు మాట్లాడుతున్నప్పుడు భయపడుతూ కాదు, వింటూ నిలబడాలి. ఎందుకంటే మన తర్వాతి దెబ్బకు ముడిసరుకు అతడి నోట్లోనే ఉంది. గ్రూప్ డిస్కషన్‌లో తన వంతు కోసం కాచుకుని కూర్చునే క్యాండిడేట్‌కీ, ముందువాడి పాయింట్ పట్టుకుని మాట్లాడే క్యాండిడేట్‌కీ ఉన్న తేడా ఇదే.

ఈ విద్యలో డెట్రాయిట్ మొత్తానికీ పేరున్నవాడు ప్రూఫ్. 1990ల చివర్లో ‘ది సోర్స్’ అనే ప్రముఖ హిప్‌హాప్ పత్రిక నిర్వహించిన ఫ్రీస్టైల్ పోటీలో కూడా విజేతగా నిలిచాడు. అయితే అతడి అసలు గొప్పతనం కప్పుల్లో లేదు. ఒక బట్టల షాపులో ఉంది.

డిజైనర్ మారిస్ మలోన్‌కు వెస్ట్ 7 మైల్ రోడ్డులో ‘హిప్‌హాప్ షాప్’ అనే బట్టల దుకాణం ఉండేది. 1990ల మధ్యలో అక్కడ శనివారాలు ఓపెన్ మైక్ జరిగేది. నడిపించేది ప్రూఫ్. ఎవరైనా రావచ్చు, మైకు పట్టొచ్చు. టికెట్ కొని వచ్చే ప్రేక్షకులు కాదు, ఆ విద్య తెలిసినవాళ్లే ఎదురుగా నిలబడి వినేవాళ్లు. బాగుంటే ఊగిపోయేవాళ్లు, చెత్తగా ఉంటే మొహమాటం లేకుండా చెప్పేవాళ్లు. కంపెనీలు రాని ఊళ్లో కుర్రాళ్లకు అదే ట్రైనింగ్ సెంటర్, అదే ఇంటర్వ్యూ బోర్డు.

ఎమినెమ్‌కు ఆ జనాన్ని చూస్తే బెరుకు. తనను తెల్లవాడని గేలి చేస్తారేమోనని భయం. ప్రూఫ్ ఒక ఉపాయం చెప్పాడు. జనం పల్చబడే చివరి వేళకు రమ్మన్నాడు. పాడైపోయినా చూసేవాళ్లు కొద్దిమందే ఉంటారు కదా అని ధైర్యమిచ్చాడు. ఎమినెమ్ వెళ్లాడు, మైకు పట్టాడు, మెప్పించాడు. ఆ తర్వాత నిండు జనంలో పాడటానికి భయం వేయలేదు. ఈ సంగతి ఎమినెమే తర్వాతి రోజుల్లో గుర్తుచేసుకున్నాడు.

ధైర్యం తెచ్చుకో అని ఎవరైనా చెబుతారు. ఓడినా పరవాలేని చోటు చూపించేవాడే గురువు. ప్రూఫ్ వయసులో ఎమినెమ్ కన్నా ఏడాది చిన్న!

ఆరుగురు.. పన్నెండు ముఖాలు

1996 ప్రాంతంలో ప్రూఫ్ తన స్నేహితులతో ‘డి12’ అనే బృందం కట్టాడు. ఆరుగురు ర్యాపర్లు. మరి పన్నెండు ఎలా? ఒక్కొక్కరూ తనకు ఇంకో ముఖాన్ని, ఇంకో పేరును సృష్టించుకోవాలన్నది ఆలోచన. మామూలు మనిషి చెప్పలేని మాట ఆ రెండో మనిషి చెప్పేస్తాడు. ప్రూఫ్ పెట్టుకున్న రెండో పేరు డర్టీ హ్యారీ.

ఎమినెమ్ పరిస్థితి అప్పటికి బాగాలేదు. 1996లో వచ్చిన అతడి మొదటి ఆల్బమ్ ‘ఇన్ఫినిట్’ను పట్టించుకున్నవాళ్లు లేరు. డి12 కోసం రెండో ముఖం వెతుక్కుంటున్నప్పుడు అతడికి తట్టిన పేరు స్లిమ్ షేడీ. ఆ ముఖంతో చేసిన పాటలే డాక్టర్ డ్రే చెవిన పడ్డాయి. 1999లో ‘ది స్లిమ్ షేడీ ఎల్‌పీ’ వచ్చింది, గ్రామీ అవార్డు తెచ్చింది. మిగతాది చరిత్ర. ప్రపంచమంతా తెలిసిన ఆ పేరు, ఒక స్నేహితుడు బృందం కోసం పెట్టిన నియమంలోంచి పుట్టిందని మాత్రం చాలామందికి తెలియదు.

వీళ్ల మధ్య ఒక ఒప్పందం ఉండేదంటారు. ఎవరు ముందు పైకి వస్తే వాళ్లు వెనక్కి వచ్చి మిగతావాళ్లను తీసుకెళ్లాలి. ఎమినెమ్ మాట తప్పలేదు. సొంతంగా షేడీ రికార్డ్స్ పెట్టగానే మొదట సంతకం చేయించింది డి12తోనే. కానీ అందరూ ఆ రోజు వరకు మిగల్లేదు. బృందంలోని బగ్జ్ 1999 మేలో డెట్రాయిట్ బెల్ ఐల్ పార్కులో జరిగిన గొడవలో తుపాకీ గుండ్లకు బలయ్యాడు. మాటల యుద్ధం నేర్చుకున్న ఊళ్లోనే అసలు తుపాకులు కూడా ఉన్నాయని ప్రూఫ్‌కు అప్పుడే తెలుసు.

పక్కన నిలబడే పని

2001లో డి12 ఆల్బమ్ ‘డెవిల్స్ నైట్’, 2004లో ‘డి12 వరల్డ్’ అమెరికా చార్టుల్లో మొదటి స్థానానికి చేరాయి. 2002లో ‘8 మైల్’ విడుదలైంది. ఎమినెమ్ ప్రపంచ టూర్లలో ప్రూఫ్ ‘హైప్ మ్యాన్’. అంటే ప్రధాన గాయకుడు ఊపిరి తీసుకునే చోట పాదం చివరి మాట అందుకోవాలి. జనం చల్లబడితే లేపాలి. పాట మరిచిపోతే కాయాలి. అంతా సవ్యంగా జరిగితే ఎవరూ మనల్ని గమనించరు. సాఫ్ట్‌వేర్‌లో సర్వర్లు చూసుకునేవాళ్ల ఉద్యోగం లాంటిదే ఇది. ఆగిపోయిన రోజునే గుర్తొస్తారు.

పోటీల్లో ఒకప్పుడు తానే మొనగాడు. ఇప్పుడు స్నేహితుడి పక్కన రెండో మైకు. బయటివాళ్లు డి12ని ఎమినెమ్ వెనక ఉండే గుంపుగానే చూసేవాళ్లు. దాని మీదే ఆ బృందం ‘మై బ్యాండ్’ అని తమను తాము వెక్కిరించుకునే పాట చేసి హిట్ కొట్టింది. ఎదుటివాడు అనబోయే మాట మనమే ముందు అనేస్తే అతడి చేతిలో ఆయుధం ఉండదు. ‘8 మైల్’ చివరి పోటీలో హీరో గెలిచేది కూడా సరిగ్గా ఇలాగే. తన లోపాలన్నీ తానే చెప్పేసి, ప్రత్యర్థికి అనడానికి ఏమీ మిగల్చకుండా. బ్యాక్‌లాగ్‌లు, గ్యాప్ ఇయర్ ఉన్నవాళ్లు ఇంటర్వ్యూకి ముందు ఆ సీన్ ఇంకోసారి చూడొచ్చు. దాచినదాన్ని ఎదుటివాళ్లు బయటపెడితే అది లోపం. మనమే సూటిగా చెప్పి, దాని తర్వాత ఏం చేశామో చెబితే అది మన కథ.

ప్రూఫ్ నీడలోనే ఉండిపోలేదు. ఐరన్ ఫిస్ట్ పేరుతో సొంత సంస్థ పెట్టుకున్నాడు. 2005 ఆగస్టు 9న ‘సెర్చింగ్ ఫర్ జెర్రీ గార్షియా’ అనే ఆల్బమ్ విడుదల చేశాడు. జెర్రీ గార్షియా ఒక రాక్ గిటారిస్టు. సరిగ్గా పదేళ్ల క్రితం అదే తేదీన చనిపోయాడు. ఒక ర్యాపర్ తన సోలో ఆల్బమ్‌కు రాక్ కళాకారుడి పేరు పెట్టడం అప్పట్లో వింత. ఒకే డబ్బాలో ఇమడనని చెప్పడమే ప్రూఫ్ ఉద్దేశం. చార్టుల్లో అది పెద్ద సంచలనం కాలేదు. కానీ అది పూర్తిగా అతడి సొంత గొంతు.

ఆ తెల్లవారుజాము

2006 జనవరిలో ఎమినెమ్ పెళ్లికి ప్రూఫే తోడు పెళ్లికొడుకు. ఫిబ్రవరిలో అతడి పాత మిత్రుడు, డెట్రాయిట్ గర్వంగా చెప్పుకునే బీట్ మేకర్ జే డిల్లా జబ్బుతో కన్నుమూశాడు, 32 ఏళ్లకే. రెండు నెలలు తిరిగాయి. ఏప్రిల్ 11 తెల్లవారుజామున ప్రూఫ్ 8 మైల్ రోడ్డు మీదున్న సీసీసీ క్లబ్బులో ఉన్నాడు. లోపల ఎవరితోనో మాటా మాటా పెరిగింది. అది కొట్లాట అయింది. తుపాకులు బయటికి వచ్చాయి. పోలీసుల దర్యాప్తు ప్రకారం ప్రూఫ్ ఒక వ్యక్తిని కాల్చాడు, ఆ వ్యక్తి బంధువైన క్లబ్బు ఉద్యోగి ప్రూఫ్‌ను కాల్చాడు. ప్రూఫ్ ప్రాణాలు కోల్పోయాడు. మొదట తూటా తగిలిన వ్యక్తి వారం తర్వాత ఆసుపత్రిలో చనిపోయాడు. ఆ ఇంట్లోనూ ఏడ్చేవాళ్లున్నారు. ప్రూఫ్ అభిమానులు ఈ వాక్యాన్ని దాటేసి వెళ్లకూడదు.

ఎంత మాట అన్నా చెయ్యి ఎత్తకూడదన్న ఆటకు ఏళ్ల తరబడి రిఫరీగా ఉన్న మనిషి అతడు. ఎన్ని అవమానాలు విన్నాడో, ఎన్నిటికి నవ్వుతూ బదులిచ్చాడో లెక్కలేదు. ఆ ఒక్క తెల్లవారుజామున మాట దగ్గర ఆగలేకపోయాడు. నైపుణ్యం స్టేజీ మీద ఒకటి, బయట ఒకటి కాదు. కోపాన్ని మాటగా మార్చే విద్య అన్ని రోజులూ పనిచేయాలి. అది పనిచేయని ఒక్క రోజు చాలు.

మిగిలింది

డెట్రాయిట్‌లో అంత్యక్రియలకు వేలమంది వచ్చారు. ఎమినెమ్ ఆ దెబ్బ నుంచి చాలాకాలం కోలుకోలేదు. మాత్రల వ్యసనం ముదిరి, 2007 డిసెంబరులో చావు అంచుల దాకా వెళ్లాడు. 2008 ఏప్రిల్ నుంచి వాటికి దూరమయ్యాడు. 2010లో ‘రికవరీ’ ఆల్బమ్‌లో ఒక పాటను ప్రూఫ్‌కే అంకితమిచ్చాడు.

రెజ్యూమేలా రాస్తే ప్రూఫ్ పేరు మీద కనిపించేవి తక్కువే. ఒక ముఖ్యమైన సోలో ఆల్బమ్, ఒక పోటీ విజయం, సినిమాలో కొన్ని నిమిషాలు. బట్టల షాపులో నడిపిన శనివారాలకు సర్టిఫికెట్ ఎవరిస్తారు? చివరి వేళకు రమ్మని స్నేహితుడికి చెప్పిన ఆ మాటను ఏ కాలమ్‌లో రాస్తారు? కానీ డెట్రాయిట్ ర్యాప్ ప్రపంచానికి తెలిసిందంటే కారణాల్లో ఆ శనివారాలు కూడా ఉన్నాయి.

ఉద్యోగాల వేటలో పక్కవాడు పోటీదారుడే, నిజమే. ఒక పోస్టుకు వందమంది. అయినా మాక్ ఇంటర్వ్యూకి ఒకరికొకరు ప్రశ్నలు వేసుకునే నలుగురు, తప్పు చెప్పినా నవ్వని ఒక గది, వారానికి ఒక సాయంత్రం.. ఇవి ఏ కోచింగ్ సెంటరూ అమ్మదు. మీ హాస్టల్‌లోనో, లైబ్రరీ మెట్ల మీదో మీరే మొదలుపెట్టాలి. మొదటి మైకు మీరు పట్టుకోవచ్చు. రెండోది పక్కన బెరుగ్గా నిలబడ్డవాడి చేతికివ్వండి.