జెండా వెంకయ్యగారి జీవితం - ఒక డీటీపీ విద్యార్థికి పాఠం

మాది నాగాయలంక. కృష్ణమ్మ సముద్రంలో కలవబోయే ముందు పలకరించి పోయే ఊళ్ళల్లో అదొకటి. సెలవులకి ఇంటికెళితే పెద్దవాళ్ళు ముందుగా అడిగేది, ఏం నేర్చుకుంటున్నావురా అబ్బాయ్ అని. డిగ్రీతోపాటు డీటీపీ, గ్రాఫిక్ డిజైను కూడా నేర్చుకుంటున్నానని చెప్పగానే వాళ్ళ ముఖంలో ఉత్సాహం కాస్తా జారిపోతుంది. శుభలేఖలూ, ఫ్లెక్సీలూ వేసుకునే పనేగా, దానికింత తాపత్రయం ఎందుకని మా బాబాయి సందేహం. అలాంటివాళ్ళకి జవాబుగా నేనొక మనిషి జీవితం చెబుతుంటాను. ఆయన మన జిల్లా వాడే. ఏటా ఆగస్టు పదిహేనున మనమంతా తలెత్తి చూసే బొమ్మకి మొదటి గీత గీసినవాడు. ఆయనే పింగళి వెంకయ్యగారు.

వెంకయ్యగారిని దేశభక్తుడిగా అందరూ స్మరిస్తారు. అది న్యాయమే. నేను మాత్రం ఆయన్ని మా వృత్తిలో పెద్దవాడిగా చూస్తాను. పేజీ కూర్చే కుర్రాడికి ఆయన జీవితం ఏం చెబుతుందో మిత్రులతో పంచుకోవాలనే ఈ నాలుగు మాటలూ రాస్తున్నాను.

ఆయన 1876 ఆగస్టు 2న మచిలీపట్నానికి దగ్గర్లోని భట్లపెనుమర్రులో పుట్టారు. తండ్రి హనుమంతరాయుడుగారు, తల్లి వెంకటరత్నమ్మగారు. చిన్ననాటి చదువు కొంత అక్కడా, కొంత మా దివిసీమలోని పెదకళ్ళేపల్లిలోనూ సాగింది. తరువాత బందరు హైస్కూలుకి వెళ్ళారు. వయసొచ్చాక సైన్యంలో చేరి, దక్షిణాఫ్రికాలో బోయర్ యుద్ధం నాటికి అక్కడున్నారు. తిరిగొచ్చాక ఒకచోట కుదురుగా కూర్చున్నవారు కాదు. పత్తి విత్తనాల మీద ప్రయోగాలు చేస్తే జనం పత్తి వెంకయ్య అన్నారు. జపాన్ భాష నేర్చి అందులో ఉపన్యసిస్తే జపాన్ వెంకయ్య అన్నారు. వజ్రాలూ, ఖనిజాలూ పరిశోధిస్తే డైమండ్ వెంకయ్య అన్నారు. చివరికి నిలిచింది మాత్రం జెండా వెంకయ్య అన్న పేరే.

ఇన్ని పేర్లు చూసి నిలకడ లేని మనిషని అనుకోవచ్చు. నాకలా అనిపించదు. డిజైను చేసేవాడికి గీత ఒక్కటే వస్తే చాలదు. ఆ గీత ఎవరి కోసమో, ఎక్కడ కనిపించాలో, చూసేవాడి మనసులో ఏముందో తెలియాలి. అది తెలియాలంటే లోకం తిరగాలి.

1910లో కోపల్లె హనుమంతరావుగారు, ముట్నూరి కృష్ణారావుగారు, పట్టాభి సీతారామయ్యగారు కలిసి బందరులో ఆంధ్ర జాతీయ కళాశాల పెట్టారు. వెంకయ్యగారు కొన్నేళ్ళు అక్కడ అధ్యాపకులుగా పనిచేశారు. 1916లో భారతదేశానికి ఒక జాతీయ పతాకం కావాలంటూ ఇంగ్లీషులో ఒక పుస్తకం వేశారు. ఇతర దేశాల జెండాలను పరిశీలించి, మన జెండాకు సుమారు ముప్ఫై నమూనాలు అందులో చూపించారు.

మాకు డిజైను క్లాసులో మొదటి రోజున చెప్పేదీ ఇదే గదా! మొదట ఉన్నవాటిని చూడు, తరువాత ఒకటి కాదు పది గీయి, అప్పుడు ఎంచుకో అంటారు. వందేళ్ళ కిందట, కంప్యూటరన్న మాట లేని రోజుల్లో, బందరు మాస్టారొకరు ఆ పద్ధతి తనంతట తాను పాటించారు. అయితే ఆ ముప్ఫైలో ఒక్కటీ ఆమోదం పొందలేదు. ఆయన నిరాశపడలేదు. ఏటేటా కాంగ్రెసు మహాసభలకు వెళ్ళి, పతాకం గురించి నాయకుల చెవిలో ఇల్లు కట్టుకుని పోరారు. ఆ పట్టుదలను గాంధీగారు మెచ్చుకున్నారు గాని, ఆ నమూనాలేవీ గాంధీగారి మనసును కదిలించలేకపోయాయి.

1921లో బెజవాడలో అఖిల భారత కాంగ్రెసు కమిటీ సమావేశం జరిగింది. జెండా మీద రాట్నం ఉండాలన్న ఊహ జలంధరుకు చెందిన లాలా హంసరాజ్‌గారిది. ఎరుపు, ఆకుపచ్చ రంగుల మీద రాట్నం వేసి ఇమ్మని గాంధీగారు వెంకయ్యగారినే అడిగారు. మూడు గంటల్లో బొమ్మ తయారైంది. అయినా సభ ముందు పెట్టే వేళ దాటిపోయింది! ఆలస్యం కావడమే మేలైందని గాంధీగారు తరువాత రాశారు. ఈలోగా ఆలోచిస్తే మిగిలిన మతాలకూ చోటుండాలని తోచిందట. అలా తెలుపు చేరింది. పైన తెలుపు, మధ్య ఆకుపచ్చ, కింద ఎరుపు, వాటి మీద రాట్నం. అదే ఆనాటి జెండా.

ఆ మూడు గంటల్ని చూసి చాలామంది అబ్బురపడతారు. నాకు కనిపించేది దాని వెనకున్న అయిదేళ్ళు. ముప్ఫై బొమ్మలు గీసి పక్కన పెట్టిన చెయ్యి గనకే మూడు గంటల్లో ముప్ఫై ఒకటోది గీయగలిగింది.

బొమ్మ మారడం అక్కడితో ఆగలేదు. 1931లో కాంగ్రెసు నియమించిన సంఘం అంతా కాషాయమే ఉండాలని సిఫారసు చేస్తే, మహాసమితి ఒప్పుకోలేదు. ఆ ఏడు ఆగస్టులో కాషాయం, తెలుపు, ఆకుపచ్చ వరసకు వచ్చింది. రంగులకు మతాలతో ఉన్న ముడి తీసేసి, ధైర్యం, శాంతి, విశ్వాసం వంటి అర్థాలు చెప్పారు. 1947 జూలై 22న రాజ్యాంగసభ రాట్నం బదులు ఇరవై నాలుగు ఆకుల అశోకచక్రాన్ని స్వీకరించింది. అందుకు నెహ్రూగారు చెప్పిన కారణాల్లో ఒకటి అచ్చంగా మా క్లాసులో చెప్పేదే. రాట్నానికి ఒకవైపు చక్రం, మరోవైపు కదురు ఉంటాయి. గుడ్డకు రెండోవైపు నుంచి చూస్తే అవి తారుమారవుతాయి. జెండా ఎటునుంచి చూసినా ఒకేలా ఉండాలి. చక్రం ఒక్కటే ఉంటే ఆ చిక్కే లేదు!

ఇంకో సంగతి కూడా చెప్పాలి. మన జెండాకు ప్రభుత్వం నిర్ణయించిన సైజుల్లో అన్నింటికన్నా పెద్దది 6300 మిల్లీమీటర్ల పొడవు, 4200 వెడల్పు. అందులో చక్రం అడ్డకొలత 1295. అంటే తెల్లపట్టీని దాదాపు నింపేస్తుంది. అన్నింటికన్నా చిన్నది 150 పొడవు, 100 వెడల్పు. అందులో చక్రం 25 మాత్రమే, పట్టీలో ముప్పాతిక భాగం. ఒకే బొమ్మను గుడ్డిగా కుదించకుండా సైజు సైజుకీ కొలత విడిగా చెప్పారన్నమాట. పాత ప్రెస్సుల్లో సీసపు అక్షరాలూ అంతే, ఒక్కో పాయింటుకు ఒక్కో పోత. ఇప్పుడు మేం కంప్యూటర్లో పెద్ద అక్షరాన్నే నొక్కి చిన్నది చేస్తాం. ఇంగ్లీషుకు ఎలా చెల్లినా, తెలుగులో వొత్తులూ, గుడులూ ఒకదాన్నొకటి తొక్కుకుంటాయి. వరసల మధ్య జాగా పెంచాలి, అక్షరం బరువు చూసుకోవాలి. ఇది తెలిసినవాడికీ, తెలియనివాడికీ తేడా అచ్చులో కనబడిపోతుంది.

మరి ఇంతమంది చేతులు పడ్డాక ఆ జెండా ఎవరిది? 1947 నాటి రూపం వెనక బద్రుద్దీన్ త్యాబ్జీ, సురయ్యా త్యాబ్జీ దంపతుల పాత్ర ఉందనేవాళ్ళూ ఉన్నారు. ఉంటే ఉండనివ్వండి. దానివల్ల మన వెంకయ్యగారి గొప్పతనం తరిగిపోదు. డిజైనంటే అంతే. ఒకరు గీస్తారు, ఒకరు రంగు మారుస్తారు, మరొకరు మధ్యలో బొమ్మ తీసేస్తారు. మార్చడానికి ముందుగా ఒకటంటూ ఉండాలి గదా! అది ఇచ్చినవాడు వెంకయ్యగారు. తన రాట్నం పోయిందని అలిగి కూర్చునేవాడికి ఈ వృత్తి అచ్చిరాదు.

అయితే మార్పును ఓర్చుకోవడం వేరు, మనిషిని మరిచిపోవడం వేరు. వెంకయ్యగారు చివరి రోజులు పేదరికంలో గడిపి 1963 జూలై 4న కన్నుమూశారు. ఆయన పేర తపాలా బిళ్ళ వచ్చింది 2009లో, అంటే ఆయన పోయిన నలభై ఆరేళ్ళకి. జెండాకు వందనం చేసిన దేశం దాన్ని గీసిన చేతిని బతికుండగా తగినంతగా పట్టించుకోలేదు.

అది దేశం సంగతి. మన సంగతి చూద్దాం. ఇలాంటి సంచికల్లో అధ్యక్షుడి పేరుంటుంది, కార్యదర్శి పేరుంటుంది, ప్రకటనలిచ్చిన కొట్లవాళ్ళ పేర్లుంటాయి. రాత్రుళ్ళు మేలుకుని అక్షరం అక్షరం కూర్చి, ప్రూఫులు దిద్ది, అట్టమీద బొమ్మ వేసినవాళ్ళ పేర్లు సాధారణంగా కనిపించవు. వచ్చే ఏడాది నుంచైనా చివరి పేజీలో ఒక చిన్న గడి గీసి, కూర్పరి, చిత్రకారుడు, అచ్చు పనివాడు అని ముగ్గురి పేర్లూ వెయ్యమని మన విద్యార్థి సంఘాన్ని కోరుతున్నాను. దానికి పట్టే జాగా మూడు వరసలు. వరసల మధ్య దూరం ఎంత ఉండాలో నేను చూసుకుంటాను!