సోమవరప్పాడు నుంచి బొంబాయికి

సావనీరుకు వ్యాసం ఇమ్మన్నప్పుడు, బి.యస్సీ. వాణ్ణి కనుక సి.వి. రామన్ గురించో, యల్లాప్రగడ సుబ్బారావు గురించో రాస్తానని మిత్రులు అనుకున్నారు. నేను మాత్రం చదువు అంతగా అబ్బని ఒక రైతుబిడ్డ గురించి రాయదలచుకున్నాను. ఆయన ఎల్.వి. ప్రసాద్‌గారు. అసలు పేరు అక్కినేని లక్ష్మీవరప్రసాదరావు. ఊరు ఏలూరు దగ్గర సోమవరప్పాడు.

చిన్నతనం నుంచీ ఆయనకు నాటకాల పిచ్చి, మూకీ సినిమాల పిచ్చి. 1924లో మేనమామ కూతురితో పెళ్ళయింది. ఇంతలో ఇంటిని అప్పులు చుట్టుముట్టాయి. అప్పులవాళ్ళు వచ్చి అరుగు మీద కూర్చుంటే ఇంట్లోవాళ్ళకు ముద్ద దిగదు. వ్యవసాయదారుల ఇళ్ళల్లో పుట్టినవాళ్ళకు ఇది ఒకరు చెప్పక్కర్లేదు. 1930లో ఆయన ఓ వంద రూపాయలు జేబులో వేసుకుని, ఎవరికీ చెప్పకుండా బొంబాయి వెళ్ళిపోయారు. దీన్ని అందరూ సాహసమంటారు. నాకు మాత్రం వెనక మిగిలిపోయిన ఇల్లాలు సౌందర్య మనోహరమ్మగారే గుర్తుకొస్తారు. మొగుడు చెప్పకుండా వెళ్ళిపోయాక ఊళ్ళో తలెత్తుకుని తిరగడం మాత్రం సాహసం కాదా?

బొంబాయిలో ముందు దొరికింది వీనస్ ఫిలిం కంపెనీలో చిల్లర పనులు చేసే ఉద్యోగం. తర్వాత చిన్నచిన్న వేషాలు. 1931లో వచ్చిన మన దేశపు తొలి టాకీ ‘ఆలం ఆరా’, అదే ఏడు వచ్చిన ‘కాళిదాస్’, 1932లో విడుదలైన తెలుగువారి ‘భక్త ప్రహ్లాద’, ఈ మూడింటిలోనూ ఆయన కనిపించారు. అంత పొడుగు పేరు అక్కడివాళ్ళకు బరువై ఎల్.వి. ప్రసాద్‌గా మిగిలింది.

1946లో ‘గృహప్రవేశం’కు దర్శకుడూ ఆయనే, హీరో కూడా ఆయనే. 1949లో ‘మనదేశం’తో ఎన్.టి. రామారావుగారిని తెరకు పరిచయం చేశారు. ‘షావుకారు’, ‘పెళ్ళిచేసి చూడు’ సంగతి మళ్ళీ చెప్పడం దండగ.

నాకు విశేషంగా తోచేది ఆ తర్వాతి కథ. ఏ బొంబాయిలో అడిగేవాడు లేక తిరిగారో ఆ బొంబాయి తారలతోనే హిందీ చిత్రాలు నిర్మించారు. 1957లో ‘శారద’కు రాజ్ కపూర్, మీనాకుమారి నటులు. మన ‘ఇల్లరికం’ 1961లో ‘ససురాల్’ అయింది. ‘మూగమనసులు’లోని గోదావరి పడవవాడు 1967లో ‘మిలన్’లో హిందీ మాట్లాడాడు. విత్తనం మనదైనా నేల వేరు, నీరు వేరు. అందుకని టి. ప్రకాశరావు, ఆదుర్తి సుబ్బారావు వంటి మన దర్శకులనే పెట్టుకున్నా, సంగీతాన్ని అక్కడివాళ్ళకే వదిలారు. 1970లో తీసిన ‘ఖిలోనా’కు ఉత్తమ చిత్రంగా ఫిలింఫేర్ అవార్డు వచ్చింది. ఖిలోనా అంటే బొమ్మ. మాది కొండపల్లి కనుక ఆ పేరు వినగానే నవ్వొస్తుంది. తెల్లపొణికి కర్రతో బొమ్మలు చేసే మా ఊరివాళ్ళ పూర్వీకులు రాజస్థాన్ నుంచి వచ్చారని చెబుతారు. వాళ్ళు అటునుంచి ఇటొస్తే ఈయన ఇటునుంచి అటు వెళ్ళారన్నమాట!

1981లో ‘మరోచరిత్ర’ను బాలచందర్‌గారి చేతనే ‘ఏక్ దూజే కేలియే’గా తీయించారు. తమిళ అబ్బాయి, హిందీ అమ్మాయి. ఒకరి భాష ఒకరికి రాదు. యాభై ఏళ్ళ క్రితం భాష రాని ఊళ్ళో దిగినవాడికి ఆ కథ మీద మనసు పోవడం వింత కాదు.

1982 సంవత్సరానికి ఫాల్కే అవార్డు అందుకున్నారు. హైదరాబాదులో కంటి ఆసుపత్రికి స్థలమూ, కోటి రూపాయలూ ఇచ్చారు. అది 1987లో మొదలైంది. ఆయన 1994లో కన్నుమూశారు.

ఆ సంస్థకే విజయవాడ పక్కన తాడిగడపలోనూ ఆసుపత్రి ఉంది. మా పెదనాన్నను కంటి ఆపరేషనుకు అక్కడికి తీసుకెళ్ళాను. బోర్డు మీద పేరు చూసి, ఈయనెవరో పెద్ద డాక్టరై ఉంటాడురా అన్నాడు. ‘మిస్సమ్మ’ డైరెక్టరు ఈయనే పెదనాన్నా అంటే నమ్మలేదు.