వెలుగుదారి పేరున్న వీరుడు జిమ్ థోర్ప్

జిమ్ థోర్ప్ అమెరికాలోని సాక్ అండ్ ఫాక్స్ తెగ బిడ్డ. నేటి ఓక్లహోమా ప్రాంతంలో పుట్టారు. తెగ భాషలో ఆయన పేరు వాథోహుక్, అంటే వెలుగుదారి.

ఆయన చదివిన పెన్సిల్వేనియాలోని కార్లైల్ ఇండియన్ స్కూలు ఆదివాసీ పిల్లల జుట్టు కత్తిరించి, సొంత భాష మాట్లాడనివ్వని బడి. పిల్లలు తమ మూలాలు మరిచిపోవాలన్నదే దాని ఉద్దేశం. ఆ పిల్లలే అమెరికన్ ఫుట్‌బాల్ జట్టుగా పెద్ద కళాశాలలను ఓడించారు. బంతి పట్టుకుని దూసుకుపోయే హాఫ్‌బ్యాక్ థోర్ప్. 1911లో హార్వర్డ్‌పై 18-15తో గెలిచిన ఆటలో కాలి గాయంతోనే నాలుగు ఫీల్డ్ గోల్స్ కొట్టారు. 1912 వేసవిలో స్టాక్‌హోం ఒలింపిక్స్‌లో పెంటథ్లాన్, డెకథ్లాన్ రెండింటిలో స్వర్ణాలు గెలిచారు. ఆ నవంబరులో ఆర్మీ జట్టుపై కార్లైల్ 27-6తో నెగ్గింది.

అంతకుముందు కొద్దిపాటి డబ్బుకు బేస్‌బాల్ ఆడారంటూ 1913లో ఆ పతకాలు లాక్కున్నారు. అభ్యంతరం చెప్పాల్సిన 30 రోజుల గడువు అప్పటికే దాటిపోయింది. 1953లో ఆయన కన్నుమూశారు. అయినా కుటుంబం, ఆదివాసీలు పోరాటం ఆపలేదు. ఒలింపిక్ కమిటీ 1982లో ఆయనను ఉమ్మడి విజేతగా, 2022లో ఏకైక విజేతగా ఒప్పుకుంది.

కార్లైల్ బడి 1918లోనే మూతపడింది. వాథోహుక్ పేరు నిలిచింది. తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, మన పేరును, మన భాషను మనం వదులుకోనంత కాలం వాటిని ఎవరూ చెరపలేరు.