లయను నమ్ముకొన్న జీవితము: విక్టర్ సిల్వెస్టర్ చరిత్ర

సంగీతమునకు శ్రుతి తల్లి యనియు, లయ తండ్రి యనియు మన పెద్దలు భావించిరి. తల్లి లాలనను లోకమంతయు మెచ్చుకొనును. తండ్రి క్రమశిక్షణను మెచ్చువారు కొలదిమందియే. అట్టి తండ్రివంటి లయనే తన జీవితమునకు మూలధనముగా జేసికొని, సామాన్యజనమునకు నాట్యానందమును పంచిపెట్టిన ధన్యజీవి యొకడు ఇంగ్లండు దేశమున నుండెను. ఆయన పేరు విక్టర్ సిల్వెస్టర్. నర్తకుడు, ఆచార్యుడు, గ్రంథకర్త, వాద్యబృంద నాయకుడు, రేడియో వక్త అను ఐదు వేషములు ధరించియు, ఆ ఐదింటను ఒక్క పనినే చేసినవాడాయన. తడబడు పాదమునకు సరియైన అడుగు చూపుటయే ఆ పని.

విక్టర్ 1900వ సంవత్సరము ఫిబ్రవరి 25వ తేదీన లండను నగరమునకు చేరువనున్న వెంబ్లీయందు జన్మించెను. తండ్రి అచటి క్రైస్తవ దేవాలయమున మతగురువు. నియమనిష్ఠలు గల యింట పెరుగుచు బాలుడు పియానో వాద్యము నేర్చెను. కాని పాఠశాలలో అతని మనస్సు నిలువలేదు. 1914లో ఐరోపా మహాయుద్ధము చెలరేగగా దేశమంతట సైన్యమునకు పిలుపులు వెలువడెను. విక్టరునకు అప్పటికి పదునైదేండ్లైనను నిండలేదు. అయినను అతడు బడినుండి పారిపోయి, లేని వయస్సు ఉన్నదని చెప్పి, సైన్యమున చేరిపోయెను. మీసకట్టు రాని బాలుడు తుపాకి బట్టుకొని ఫ్రాన్సు దేశపు కందకములలో నిలిచెను.

కొంతకాలమునకు అతని నిజమైన వయస్సు బయటపడగా అధికారులు అతనిని పోరునుండి తప్పించిరి. అంతట అతడు ఇటలీ రణరంగమున క్షతగాత్రులను మోసికొని వచ్చు శకటదళమున చేరెను. ఆ సేవలో తానును గాయపడెను. అతని ధైర్యమునకు మెచ్చి ఇటలీ ప్రభుత్వము కంచు పతకము నొసగెను. ఆ బాలసైనికుడు యుద్ధమునుండి పతకముతోపాటు మరియొక బరువునుగూడ ఇంటికి దెచ్చుకొనెను. దాని నెవ్వరికిని చూపలేదు. ఆ సంగతి కథ చివర తెలియగలదు.

యుద్ధానంతరము అతడు సైనికాధికారుల విద్యాలయమున చేరెను గాని త్వరలోనే ఆ మార్గమును విడిచెను. ఆ రోజులలో లండనులోని పెద్ద దుకాణములయందును హోటళ్లయందును మధ్యాహ్నవేళ తేనీటి విందులతో గూడిన నాట్యములు జరుగుచుండెడివి. జోడులేక వచ్చిన స్త్రీలతో గలసి నాట్యమాడుటకు నిర్వాహకులు కొందరు యువకులను జీతమిచ్చి నియమించుకొనెడివారు. హారడ్స్ అను ప్రసిద్ధమైన దుకాణములో విక్టరునకు అట్టి కొలువు లభించెను. మతగురువు కుమారుడు, పతకము పొందిన సైనికుడు, కూలికి నాట్యమాడుట ఘనతగా నెంచబడు పని గాదు. అతడు మాత్రము దానిని చిన్నచూపు చూడలేదు. రోజంతయు అడుగు వెంబడి అడుగు వేయుచు, ఏ అడుగు ఎందులకు తప్పుచున్నదో, ఏ అడుగు ఎందులకు కుదురుచున్నదో సూక్ష్మముగా గ్రహించెను.

ఆ సాధనకు ఫలితము 1922లో లభించెను. ఆ యేట లండనులో జరిగిన ప్రపంచ బాల్‌రూమ్ నాట్యపు పోటీలో ఫిలిస్ క్లార్క్ అను యువతితో గలసి ఆడి ఆయన ప్రథమ బహుమానము గెలిచెను. ఆ దినములలోనే డొరొతీ న్యూటన్ అను కన్యను వివాహమాడెను. దంపతులు తరువాత లండనులోని బాండ్ వీధిలో నాట్యపాఠశాల నెలకొల్పిరి.

ఆ నాట్యమెట్టిదో మన గ్రామీణులకు కొంచెము చెప్పవలసి యున్నది. మన కూచిపూడి భాగవతమువలె కొందరాడగా పదిమంది చూచునది గాదది. మన కోలాటమువలె వచ్చినవారందరును ఆడునట్టిది. స్త్రీపురుషులు జంటలుగా నిలిచి, వాద్యముల లయకు తగినట్లు విశాలమైన శాలలో సాగిపోవుదురు. వాల్ట్‌జ్ అనునది మూడు మాత్రల నడక. ఫాక్స్‌ట్రాట్, క్విక్‌స్టెప్ అనునవి నాలుగు మాత్రల నడకలు. కోలాటమున ఒక్కని కోల తప్పినచో వలయమంతయు చెదరునట్లే, అందులోను ఒకరి అడుగు తప్పినచో జంట చెదరును.

యుద్ధము తరువాత అమెరికానుండి క్రొత్త వాద్యగతులు ఇంగ్లండునకు వచ్చిపడెను. ఎవరికి తోచిన రీతి వారాడసాగిరి. ఒక యాచార్యుడు నేర్పిన అడుగు మరియొకని శిష్యునకు తెలియదు. ఈ కలవరమును తీర్చుటకై 1924లో ఇంపీరియల్ సొసైటీ అను నాట్యోపాధ్యాయుల సంఘము బాల్‌రూమ్ నాట్యమునకు ప్రత్యేక శాఖను స్థాపించెను. దాని తొలి కార్యవర్గమున విక్టర్ ఒకడు. ఏ మాత్రకు ఏ పాదము కదలవలెను, మడమ యానవలెనా మునివ్రేళ్లు ఆనవలెనా, మలుపు ఎంత యుండవలెను, ఇట్టివన్నియు వారు నిర్ణయించి వ్రాసిరి. భూములకు సర్వే రాళ్లు పాతినట్లు అడుగులకు హద్దులు ఏర్పడెను. 1927లో ఆయన ఆధునిక బాల్‌రూమ్ నాట్యమును గూర్చి ప్రకటించిన గ్రంథము పెక్కు ముద్రణలు పొందెను. గురువు దగ్గరకు పోజాలనివారు సయితము ఆ పుస్తకమును ముందిడుకొని తమ యింటిలోనే నేర్చుకొనగలిగిరి. సద్గ్రంథము చేయగల యుపకారము ఇట్టిదని గ్రంథాలయాభిమానులకు వేరుగా చెప్పనక్కరలేదు.

ఇంతలో ఒక చిక్కు మిగిలిపోయెను. అడుగులకు శాస్త్రము కుదిరినను వాటికి తగిన వాద్యము లేదు. నాటి గ్రామఫోను పలకలలో వాద్యకారులు తమ విద్వత్తును చూపుటకై లయను ఒకచోట సాగదీసియు, ఒకచోట తొందరపెట్టియు వాయించెడివారు. గాయకుడు పాట నందుకొనగానే నడక మారెడిది. వినువారికి అది యింపుగానే యుండెను గాని, నేర్చుకొనువాని కాలు తడబడెడిది. ఈ కొరతను తీర్చువారు వేరొకరు కానరాకపోగా 1935లో విక్టర్ తానే ఒక వాద్యబృందమును కూర్చుకొనెను. వాల్ట్‌జునకు నిమిషమునకు సుమారు 30 ఆవర్తములు, క్విక్‌స్టెప్పునకు సుమారు 50 ఆవర్తములు, ఇట్లు ప్రతి నాట్యమునకు నాట్యాచార్యులు నిర్ణయించిన వేగముండెను. మొదటి మాత్రనుండి కడపటి మాత్రవరకు ఆ వేగము వెంట్రుకవాసియైన మారరాదని ఆయన నియమము.

ఆ బృందపు కూర్పుగూడ వింతయైనదే. పెద్దగా మ్రోగు ఇత్తడి బూరలు లేవు. గాయకుడు లేడు. వయొలిన్, శాక్సఫోన్, రెండు పియానోలు, లయ నిలుపు వాద్యములు ఉండెడివి. ఒక పియానో పాటను తిన్నగా నడిపించుచుండగా రెండవది దాని చుట్టును లతవలె అల్లుకొనుచుండెడిది. వారి తొలి గ్రామఫోను పాట యూ ఆర్ డాన్సింగ్ ఆన్ మై హార్ట్ అనునది. అదియే తరువాత బృందమునకు గుర్తు పాట యాయెను.

పండితులు కొందరు ఆయనను ఆక్షేపింపకపోలేదు. జాజ్ సంగీతమున మునిగినవారికి ఆ వాద్యము ప్రాణములేని గడియారపు చప్పుడువలె తోచెను. విక్టర్ వారితో కలహమునకు దిగలేదు. తన సంగీతము చెవికంటె ముందు పాదమునకు అని ఆయన యెరుగును. పండితుడు తప్పిన తాళమునుగూడ సరిదిద్దుకొని ఆనందింపగలడు. పగలెల్ల కర్మాగారమున పనిచేసి సాయంకాలము తొలిసారి నాట్యశాల గడప ద్రొక్కిన కార్మికుడు, తాళము తప్పినచో పదిమందిలో నవ్వులపాలగును. మెప్పునకై లయను కదపవలెనా, బెదరినవానికై లయను నిలుపవలెనా అను ప్రశ్నకు ఆయన జీవితాంతము రెండవదానినే సమాధానముగా నిచ్చెను.

1937లో ఆయన బృందము తొలిసారి బి.బి.సి. రేడియోలో వినబడెను. రెండవ మహాయుద్ధము వచ్చి బాంబుల భయముతో నగరములు రాత్రులు దీపము లార్పుకొని కూర్చుండిన కాలమున, 1941లో, డాన్సింగ్ క్లబ్ అను ఆయన రేడియో కార్యక్రమము ప్రారంభమాయెను. కంటికి కనబడని నాట్యమును మాటలతో నేర్పుట దుస్సాధ్యమని తోచును. ఆయన ప్రతి యడుగును నెమ్మదిగా, స్పష్టముగా, వ్రాసికొనుటకు వీలుగా రెండుమారులు చెప్పెడివాడు. శ్రోతలు కాగితము, పెన్సిలు పట్టుకొని కూర్చుండి వ్రాసికొనెడివారు. పిమ్మట వాద్యము మ్రోగగానే ఇంటి నడుమ తివాసీ చుట్టివైచి అడుగులు వేసెడివారు. నిదానపు టడుగులు రెండు, త్వరితపు టడుగులు రెండు, మరల నిదానపు టడుగొకటి, ఈ క్రమము ఆయన కంఠమున దేశమంతటికిని పరిచితమై నిలిచిపోయెను. అమెరికా సైనికులు తెచ్చిన జైవ్ అను ఉరకల నాట్యమును ఆయన తిరస్కరింపలేదు. దానికిని తగిన వాద్యమును కూర్చి, నియత లయలో పలకలు వెలువరించెను.

1948లో ఆ కార్యక్రమము టెలివిజనుకెక్కి పదునేడేండ్లు సాగెను. బి.బి.సి. వారి విదేశ ప్రసారములలో, శ్రోతలు జాబులు వ్రాసి కోరిన పాటలను వినిపించు కార్యక్రమమును గూడ ఆయన బహువత్సరములు నడిపెను. నానా దేశములనుండి వచ్చిన యా జాబులు ఆయనకు నిజమైన సన్మానపత్రములు. 1958లో స్వీయచరిత్ర ప్రకటించెను. 1961లో ప్రభుత్వము ఓ.బి.ఇ. బిరుదముతో గౌరవించెను. ఆయన బృందపు గ్రామఫోను పలకలు ఏడున్నర కోట్లకు మించి అమ్ముడయ్యెనని ప్రసిద్ధి.

ఆ కీర్తిమంతుని హృదయమున దాగిన బరువు జీవితపు తుది దినములలో బయటపడెను. 1978లో, మరణమునకు కొలది కాలము ముందు, ఆయన ఒక సంభాషణలో తన బాల్యరహస్యమును చెప్పెను. ఫ్రాన్సులో సైనికుడుగా నున్నప్పుడు, పారిపోయిరన్న నేరముపై మరణశిక్ష పొందిన తన దేశపు సైనికులనే కాల్చు దళమున తన్ను నిలిపిరనియు, ఆజ్ఞకు లోబడి తుపాకి పేల్చితిననియు తెలిపెను. ఆ కథనమందలి వివరములు సైనిక పత్రములతో సరిపోవునా యని చరిత్రకారులు తర్కించిరి. అది యెట్లున్నను, అరువదేండ్లు ఆయన ఆ జ్ఞాపకమును మోసెనన్నది స్పష్టము. లక్షలమంది యిండ్లలో సంతోషము నింపిన ఆ చల్లని కంఠము వెనుక ఇంతటి మౌనమున్నదని శ్రోతలు కలనైన ఎరుగరు.

1978 ఆగస్టు 14వ తేదీన, ఫ్రాన్సు దేశపు దక్షిణ తీరమున లె లావాండూ అను చోట విశ్రాంతికై యుండగా, సముద్రస్నానవేళ ఆయన కన్నుమూసెను. ఆయన పేరే గల కుమారుడు బృందమును ముందుకు నడిపెను.

బాల్యమున ఆయన యెరిగిన లోకము హద్దులు తప్పిన లోకము. పెద్దయైన పిదప ఆయన నిర్మించిన లోకము మాత్ర తప్పని లోకము. ఒక దానికి మరియొకటి ప్రాయశ్చిత్తమా, ప్రత్యుత్తరమా యన్నది ఆయన నోట రాలేదు. మనకు తెలిసినది ఒక్కటియే. చప్పట్లకై లయను అమ్ముకొనక, వెనుకబడినవానికై నిలిచి, పాఠమును రెండుమారులు చెప్పిన ఆచార్యుడాయన. విద్యను గడపగడపకు చేర్పబూనిన గ్రంథాలయములకు, ఉపాధ్యాయులకు, పెద్దలకు అట్టివాని చరిత్ర సదా స్మరణీయము.